హాజరైన ఓడ: విశాఖ ఎదుట సెంచూరియన్

(బీదర్‌లో చేసిన స్మారకోపన్యాసం పాఠం)

నిజాం సలాబత్ జంగ్ చివరి రోజులు బీదర్ కోటలో గడిచాయి. 1762లో తమ్ముడు నిజాం అలీ ఖాన్ అతన్ని గద్దె దించి ఇక్కడ బందీగా ఉంచాడు. మరుసటి ఏడు ఇక్కడే చనిపోయాడు. గద్దె కోసం అన్నదమ్ములు కొట్టుకోవడం దక్కనుకు కొత్త సంగతి కాదు కనుక కోట చూడటానికి వచ్చేవాళ్లు రంగీన్ మహల్ ముత్యపు చిప్పల పనితనం దగ్గర ఆగినంతసేపు ఈ కథ దగ్గర ఆగరు. కానీ ఆ ఖైదీ గద్దె మీద ఉండగా చేసిన రెండు దానాలు తెలుగు తీరం తలరాత మార్చేశాయి. 1753లో చికాకోలు, రాజమహేంద్రవరం, ఏలూరు, కొండపల్లి సర్కార్లను ఫ్రెంచి సేనాని బుస్సీకి, అతని పటాలాల జీతాల కింద రాసిచ్చాడు. 1759లో ఇంగ్లీషు కల్నల్ ఫోర్డ్ మచిలీపట్నం కోటను రాత్రికి రాత్రి పట్టుకున్నాక, అదే చేత్తో మచిలీపట్నాన్ని, దాని చుట్టుపట్ల సీమనూ ఇంగ్లీషు కంపెనీకి ఇచ్చి, ఫ్రెంచివాళ్లను ఇక దరి చేరనివ్వనని మాట ఇచ్చాడు.

ఈ మధ్యలో జరిగిన ఒక చిన్న ముచ్చట ఈ ప్రసంగానికి కీలకం. కోట పడిపోయిన కొద్ది రోజులకే ఫ్రెంచి ఓడలు సైనికులతో మచిలీపట్నం ఎదుటికి వచ్చాయి. వచ్చి చూస్తే కోట మీద వేరే జెండా ఉంది. అవి వారం ముందు వచ్చి ఉంటే ఫోర్డ్ గతి ఏమయ్యేదో చెప్పలేం. అసలు నిజాం దగ్గర ఏనుగులు, గుర్రాలు, ఫిరంగులు, పగోడాలు అన్నీ ఉన్నాయి. లేనివల్లా ఓడలే. సముద్రం మీద ఎవరు ఏ రోజున ఎక్కడ ఉన్నారన్న లెక్కతో తన రాజ్యం అంచులు మారిపోతుంటే, మారిన అంచులకు ముద్ర వేయడం తప్ప అతను చేయగలిగింది లేకపోయింది.

ఈ ఉపన్యాసం ఎవరి స్మృతిలో జరుగుతున్నదో ఆ మాస్టారు చరిత్ర పాఠంలో ఎవరు గెలిచారన్న ప్రశ్నను చివరికి నెట్టేవారని ఆయన విద్యార్థులు చెప్పుకుంటారు. ముందు ఎవరు అక్కడ ఉన్నారు, ఎవరి ఖర్చుతో ఉన్నారు అని అడిగేవారట. ఆ రెండు ప్రశ్నలకూ సరిగ్గా సరిపోయే ఒక యుద్ధనౌక కథ ఇది. పేరు సెంచూరియన్. 1774లో ఇంగ్లండులో నీళ్లలోకి దిగింది. 1804లో విశాఖపట్నం ఎదుట తన జీవితంలోకెల్లా పెద్ద పరీక్షకు నిలబడింది. 1824లో కెనడా తీరంలో లంగరు వేసిన చోటే మునిగింది. యాభయ్యేళ్లలో అది ఫిరంగులు పేల్చిన గంటలన్నీ పోగేసినా కొద్ది రోజులు మించవు. మిగతా కాలమంతా అది చేసిన ఉద్యోగం ఒకటే, హాజరు. ఉండవలసిన చోట ఉండటం, ఉన్నట్టు కనబడటం.

బీదర్‌లో ఓడ గురించి ఏమిటి అనిపించవచ్చు. ఏ దిక్కుకు వెళ్లినా సముద్రం వందల కిలోమీటర్ల దూరం. అయితే ఈ ఊరికి ఒకప్పుడు సముద్రం బాగా తెలుసు. 1472లో ఇక్కడ మదరసా కట్టించిన మహమూద్ గవాన్ ఇరాన్ ఉత్తరాన గీలాన్ నుంచి వర్తకుడిగా ఓడెక్కి దాభోల్ రేవులో దిగినవాడు. బహమనీ వజీరయ్యాక గోవాను పట్టుకున్నది రేవు కోసమే, రేవు గుర్రాల కోసం. ఆ రోజుల్లోనే అఫనాసీ నికితిన్ అనే రష్యా వర్తకుడు హోర్ముజ్ నుంచి ఒక గుర్రాన్ని ఓడ మీద తెచ్చి, చౌల్‌లో దిగి, చివరికి దాన్ని బీదర్‌లో అమ్ముకున్నాడు. గవాన్ అంతం మాత్రం తూర్పు సీమలో, 1481లో కొండపల్లి దగ్గర సుల్తాను విడిదిలో జరిగింది. రెండు సముద్రాల మధ్య పరుచుకున్న రాజ్యానికి బీదర్ నడిబొడ్డు. పద్దెనిమిదో శతాబ్దానికి వచ్చేసరికి ఆ రెండు సముద్రాలూ పరాయి ఓడల పాలయ్యాయి.

ఇక ఓడ దగ్గరికి వద్దాం. ఇంగ్లండు తూర్పు తీరంలో హార్విచ్ అనే చిన్న రేవు ఉంది. అక్కడి బార్నార్డ్ యార్డులో 1774 మే 22న సెంచూరియన్‌ను నీళ్లలోకి జార్చారు. నమూనా గీసినవాడు సర్ థామస్ స్లేడ్. ట్రఫాల్గర్‌లో నెల్సన్ నిలబడిన విక్టరీ ఓడ కూడా అతని గీతే. ఈ ఓడ నీళ్లు తాకే నాటికి స్లేడ్ చనిపోయి మూడేళ్లయింది. ఓడ బరువు వెయ్యి టన్నుల పైచిలుకు. జనం మూడు వందల యాభై. ఫిరంగులు 50. కింది అంతస్తులో ఉన్నవాటి గుండు ఒక్కోటి 24 పౌన్లు, అంటే దాదాపు 11 కిలోలు.

యాభై ఫిరంగుల ఓడ అంటే నౌకాదళంలో ఇంట్లో రెండో కోడలి హోదా. పెద్ద యుద్ధంలో ఓడలు వరస కట్టి ఎదురెదురుగా కాల్చుకునేటప్పుడు అందులో నిలబడటానికి 64 గాని 74 గాని ఫిరంగులుండాలి. యాభైది ఆ వరసకు చాలదు. వేగంగా వెంటాడటానికా, ఫ్రిగేట్లు దానికంటే చురుకైనవి. మరి ఎందుకు కట్టారంటే వలసల కోసం. దూరపు సముద్రాల్లో రెండు అంతస్తుల ఫిరంగులు కనబడితే అమీర్లూ, గవర్నర్లూ, సముద్రపు దొంగలూ కాస్త ఒదిగి ఉంటారని. వర్తక ఓడల గుంపుకు కాపలాగా పంపడానికి ఇంతకంటే పెద్ద ఓడను పంపితే ఖర్చు, చిన్నదాన్ని పంపితే భయం. మధ్యరకం పనులకు మధ్యరకం ఓడ.

దానికి పేరు భారం కూడా ఉంది. అంతకు ముందు తరంలో ఇదే పేరున్న ఓడ మీద జార్జ్ ఆన్సన్ భూమిని చుట్టి వచ్చి, 1743లో స్పెయిన్ వాళ్ల మనీలా ఓడను వెండితో సహా పట్టుకున్నాడు. ఆ వెండిని బళ్ల మీద లండన్ వీధుల్లో ఊరేగించారు. అలాంటి తాత పేరు పెట్టుకున్న మనవడికి ఏ పని చేసినా చాలదు.

మొదటి పదేళ్లూ అమెరికా వైపు గడిచాయి. వలసవాళ్ల తిరుగుబాటు కాలం అది. 1778 డిసెంబరులో వెస్టిండీస్‌లోని సెయింట్ లూసియా దగ్గర అడ్మిరల్ బారింగ్టన్ తన చిన్న దళాన్ని అఖాతం నోటికి అడ్డంగా లంగరు వేసి నిలబెట్టాడు. రెట్టింపు బలంతో వచ్చిన ఫ్రెంచి నౌకాదళం కాల్చి కాల్చి వెనక్కి పోయింది. ఆ వరసలో సెంచూరియన్ ఉంది. కదలకుండా నిలబడి ఎదుటివాణ్ని విసిగించడం అనే విద్యను ఈ ఓడ అక్కడే నేర్చుకుందని సరదాగా అనుకోవచ్చు. 1780 ఏప్రిల్‌లో మార్టినిక్ దగ్గర రాడ్నీ చేసిన యుద్ధంలోనూ అది ఉంది. ఈ భాగం ఇంతటితో చాలు. తెలుగు పాఠకుడికి పని పడే కథ 1790ల్లో హిందూ మహాసముద్రంలో మొదలవుతుంది.

1793లో ఫ్రాన్సుతో మళ్లీ యుద్ధం వచ్చింది. హిందూదేశం నుంచి ఇంగ్లండు వెళ్లే కంపెనీ ఓడలకు దారిలో ఉన్న ముల్లు మారిషస్ దీవి. దానిని ఫ్రెంచివాళ్లు ఇల్ ద ఫ్రాన్స్ అనేవారు. అక్కడి ఫ్రిగేట్లు బయటికి వచ్చి వర్తక ఓడల మీద పడేవి. సెంచూరియన్‌ను, దాని తోటి ఓడ డయోమీడ్‌ను ఆ దీవి చుట్టూ కాపలా పెట్టారు. ఓడలు రాకపోతే దీవికి తిండి లేదు. 1794 అక్టోబరు 22న ఆకలికి తాళలేక కమాండర్ రెనో తన రెండు ఫ్రిగేట్లతో, చిన్న ఓడలతో బయటికి వచ్చి కలబడ్డాడు. సెంచూరియన్ ఫ్రెంచివాళ్ల సిబెల్ ఓడతో గంటల తరబడి గుండ్లు మార్చుకుంది. తెరచాప కొయ్యలు విరిగాయి. డయోమీడ్ కెప్టెన్ మాథ్యూ స్మిత్ దగ్గరికి రాకుండా దూరం నుంచే కాల్చాడని తరవాత కోర్టు మార్షల్ జరిగింది, ఉద్యోగం పోయింది. ఆ తీర్పును ఇంకొన్నాళ్లకు తిరగదోడారనుకోండి, అది వేరే గొడవ.

ఆ రోజు ఎవరూ ఎవరినీ పట్టుకోలేదు. కానీ విరిగిన కొయ్యలతో ఇంగ్లీషు ఓడలు మరమ్మతుకు వెళ్లక తప్పలేదు. కాపలా తొలగింది. దీవికి మళ్లీ ధాన్యం అందింది. ఫ్రెంచివాళ్లు కోరుకున్నది అదే. యుద్ధంలో సమానం, హాజరులో ఓటమి. అదే ఏడు జులైలో తెలుగు నేల మీద పద్మనాభం దగ్గర విజయనగరం రాజు విజయరామరాజు కంపెనీ సేన చేతిలో ప్రాణాలు వదిలాడు. రెండు ఘటనలకూ నేరుగా ముడి లేదు గాని, సర్కార్లలో కంపెనీ అంత ధీమాగా ఉండగలగడం వెనక సముద్రం మీద ఫ్రెంచి ఓడ ఏదీ వచ్చి రాజుకు తుపాకులు దించలేదన్న సంగతి ఉంది.

1795లో డచ్చివాళ్ల సిలోను మీదికి ప్రయాణం. అడ్మిరల్ పీటర్ రెయినియర్ నాయకత్వంలో మద్రాసు నుంచి సైనికులను ఎక్కించుకుని ట్రింకోమలీ చేరారు. రేవు దగ్గర డయోమీడ్ పటంలో లేని నీటి కింది బండను కొట్టుకుని మునిగిపోయింది. జనం దిగిపోవడానికి మాత్రమే వ్యవధి దొరికింది. ఆగస్టు చివరికి కోట వశమైంది. మరుసటి ఏడు తూర్పుకు ఇంకా వెళ్లి అంబోయినా, బాండా దీవులు తీసుకున్నారు. అక్కడ దొరికిన సరుకు విన్నవాడి నోరు ఊరుతుంది. అంబోయినా గిడ్డంగుల్లో అయిదు లక్షల పౌన్ల పైచిలుకు లవంగాలు, బాండాలో ఎనభై వేల పౌన్లకు పైగా జాజికాయ, దాంతోపాటు జాపత్రి. యుద్ధంలో చిక్కిన సొత్తులో అధికారులకు వాటా ఉండేది. రెయినియర్ 1808లో చనిపోయేనాటికి ఆస్తి దాదాపు రెండున్నర లక్షల పౌన్లు. అందులో పదో వంతు దేశం అప్పు తీర్చడానికి వీలునామాలో రాసి పోయాడు. ఆ అప్పులో ఎంత భాగం ఇలాంటి ఓడల ఖర్చో ఆయనకంటే బాగా తెలిసినవాళ్లు ఉండరు.

ఆ తరవాత 1800లో బటేవియా ఎదుట డచ్చి ఓడలను పట్టుకోవడం, తగలబెట్టడం, మధ్యమధ్య ఎర్రసముద్రం, మళ్లీ మద్రాసు. ఇదంతా ఒక పేరాలో చెప్పేస్తే గంభీరంగా ఉంటుంది. లోపల ఉన్నవాడికి అది వేరు. ఓక్ చెక్కను వెచ్చని నీటి పురుగు తొలిచేస్తుంది. దానికి అడుగున రాగి రేకు తొడుగుతారు. రేకు ఊడిన చోట పురుగు పని మొదలు. పలకల సందుల్లో నార కుక్కి, తారు పోసి, మళ్లీ ఎండకు తారు కరిగితే మళ్లీ కుక్కాలి. మోకులు నానుతాయి, ఎండుతాయి, తెగుతాయి. పంపు కొట్టేవాళ్లు రోజూ కొడుతూనే ఉండాలి. మనుషుల సంగతి అంతకంటే కష్టం. జ్వరం, రక్తవిరేచనాలు ఫిరంగి గుండ్లకంటే ఎక్కువమందిని తీసుకుపోయేవి.

మరమ్మతు అంటే బొంబాయి. కోరమండల్ తీరమంతా వెతికినా ఇంత ఓడను పొడి నేల మీదికి ఎక్కించే డాక్ లేదు. బొంబాయిలో వాడియా కుటుంబం పార్సీ వడ్రంగులు తరతరాలుగా టేకు ఓడలు కట్టేవాళ్లు. ఇంగ్లీషు నౌకాదళపు ఓడల బతుకు చాలావరకు వాళ్ల చేతుల్లోనే ఉండేది. తెలుగు తీరంలో దానికి కాస్త దగ్గరగా వచ్చేది కోరంగి. గోదావరి పాయ సముద్రంలో కలిసే చోట చిన్న, నడితరం ఓడలను కట్టడంలో, బాగుచేయడంలో కోరంగి వడ్రంగులకు గొప్ప పేరు. 1802లో ఎబెనీజర్ రోబక్ అనే వర్తకుడు ఇంగ్లండు రాజుగారి ఓడల మరమ్మతు కోసం అక్కడ డాక్ కట్టించాడు. నది ఒండ్రు మేట వేస్తూ వేస్తూ, 1839 నవంబరు తుపాను ఉప్పెన మిగతాది ముగించింది. లేకపోతే బొంబాయి పక్కన కోరంగి పేరు కూడా పుస్తకాల్లో ఉండేది.

తూర్పు తీరం గురించి ఇంకొక సంగతి చెప్పకపోతే విశాఖ యుద్ధం అర్థం కాదు. ఇప్పుడు విశాఖ అంటే రేవు గుర్తొస్తుంది. కొండ పక్కన తవ్విన లోపలి హార్బరు 1933 నాటిది. అంతకు ముందు డాల్ఫిన్ నోస్ కొండ పక్కన చిన్న ఏరు, దాని నోట ఇసుక మేట, ఒడ్డు పొడుగునా విరిగే కెరటాలు. పెద్ద ఓడలు కెరటాలకు అవతల లంగరు వేసుకుని ఊగుతూ నిలబడేవి. సరుకు దించాలన్నా ఎక్కించాలన్నా మసూలా పడవలే దిక్కు. పలకలకు మేకులు కొట్టకుండా కొబ్బరి తాడుతో కుట్టేస్తారు. నేలను ఢీకొన్నా పగలకుండా సాగుతుంది. ఆ పడవ నడిపే జాలరి కెరటం లెక్క చూసి తెడ్డు వేయకపోతే కంపెనీ గవర్నరు అయినా బట్టలతో సహా తడవాల్సిందే. అక్టోబరు నడిమికి ఈశాన్య గాలులు మొదలవుతాయి. మద్రాసులో ఆ సమయానికి కోట జెండా కొయ్య దించేసి, ఇక ఓడలు ఇక్కడ ఉండవద్దని చెప్పేవారు. అంటే ఈ తీరంలో ఓడ హాజరుకు ఋతువు కూడా ఒప్పుకోవాలి.

ఈ విశాఖ ఒడ్డునే 1780 అక్టోబరు 3న ఇంకొక రకం గైర్హాజరు జరిగింది. హైదర్ అలీతో పోరాడుతున్న మద్రాసుకు సహాయంగా సర్కార్ల సిపాయిలను ఓడలో పంపమని ఆజ్ఞ వచ్చింది. సిపాయిలు ఓడ ఎక్కబోమన్నారు. తుపాకులు తిప్పారు. కొందరు ఇంగ్లీషు అధికారులు చనిపోయారు. 1857కు ముందు కంపెనీ సేనల్లో జరిగిన తిరుగుబాట్ల జాబితాలో దీనికి రావలసినంత చోటు రాలేదు. కంపెనీ ఓడలు ఎంత శక్తివంతమైనా, వాటిలోకి ఎక్కవలసినవాడు ఎక్కనంటే ఆ శక్తి కెరటాల దగ్గరే ఆగిపోతుందని ఆ రోజు తేలింది.

1804 దగ్గరికి వద్దాం. ఫ్రెంచి అడ్మిరల్ లినోయ్ ఆ ఏడు మొదట్లోనే పరువు పోగొట్టుకున్నాడు. ఫిబ్రవరిలో మలక్కా జలసంధి దగ్గర పులో ఔరా దీవి పక్కన చైనా నుంచి వస్తున్న కంపెనీ ఓడల గుంపు ఎదురైంది. తేయాకు, పట్టు, పింగాణీ, లక్షల పౌన్ల సరుకు. కాపలాకు ఒక్క యుద్ధనౌక లేదు. గుంపు పెద్ద నథానియేల్ డాన్స్ వర్తక కెప్టెన్. అతను కొన్ని ఓడలకు యుద్ధనౌకల జెండాలు ఎగరేయించి, పారిపోకుండా తిరిగి ఎదురువచ్చాడు. లినోయ్ భయపడి తప్పుకున్నాడు. పైగా వర్తక ఓడలే రెండు గంటలు వెంటాడాయి. యుద్ధనౌక అక్కడ ఉండనవసరం లేదు, ఉందన్న అనుమానం చాలునన్నమాట. నెపోలియన్‌కు ఈ వార్త తెలిసి మండిపడ్డాడు. సముద్రం మీద తన అడ్మిరళ్లందరికీ ఒకటే జబ్బు, సాహసం లేకపోవడమని అతని ఫిర్యాదు.

ఆ అవమానాన్ని కడుక్కోవడానికి లినోయ్ బంగాళాఖాతంలోకి వచ్చాడు. అతని జెండా ఓడ మారెంగో, 74 ఫిరంగులది. పూర్వం దాని పేరు జాన్ జాక్ రూసో. విప్లవం చల్లారి నెపోలియన్ వచ్చాక 1802లో తత్వవేత్త పేరు తీసేసి యుద్ధం పేరు పెట్టారు. తోడుగా అతలాంత్, సెమియాంత్ అనే ఫ్రిగేట్లు. మద్రాసు దగ్గరికి పోకుండా తీరం వెంబడి ఉత్తరానికి వస్తూ దారిలో చిక్కినవాళ్ల నుంచి కబురు రాబట్టాడు. మద్రాసు నుంచి విశాఖకు వర్తక ఓడలు వెళ్లాయి, కాపలా విల్‌హెల్మినా అనే చిన్న ఫ్రిగేటు. అది విని సంతోషించి విశాఖ దారి పట్టాడు. అతనికి అందని కబురు ఒకటుంది. రెయినియర్ చివరి క్షణంలో విల్‌హెల్మినాను ఆపి దాని బదులు సెంచూరియన్‌ను పంపాడు.

సెప్టెంబరు 18 పొద్దున. కొన్ని పుస్తకాల్లో 15 అని ఉంటుంది, అయితే తరవాత ఇచ్చిన పతకం మీద చెక్కిన తేదీ 18. విశాఖ ఎదుట బార్నబీ, ప్రిన్సెస్ షార్లెట్ అనే రెండు వర్తక ఓడలు, వాటి పక్కన ముప్పయ్యేళ్ల సెంచూరియన్ లంగరు మీద ఉన్నాయి. సర్కార్ల నుంచి ఇంగ్లండుకు పోయే కంపెనీ సరుకంటే ముఖ్యంగా నేత బట్ట. శ్రీకాకుళం నుంచి గోదావరి దాకా మగ్గాల మీద సాలీలు నేసింది, అడ్వాన్సుల అప్పు మీద నేసింది. సెంచూరియన్ అసలు కెప్టెన్ జబ్బుపడటంతో జేమ్స్ లిండ్ తాత్కాలికంగా బాధ్యత చూస్తున్నాడు. (స్కర్వీ జబ్బుకు నిమ్మ, నారింజ మందని పరీక్ష చేసి చూపిన డాక్టర్ జేమ్స్ లిండ్ ఇతను కాడు. ఆయన పదేళ్ల క్రితమే పోయాడు.) ఆ పొద్దున లిండ్ ఓడ మీద లేడు, ఒడ్డున ఉన్నాడు. ఓడ లెఫ్టినెంట్ ఫిలిప్స్ చేతుల్లో ఉంది.

దక్షిణం నుంచి మూడు ఓడలు వస్తున్నాయి. దొంగ జెండాలతో వచ్చే ఓడ మిత్రుడో శత్రువో తెలుసుకోవడానికి రహస్య సంకేతాలుండేవి. ఫిలిప్స్ సంకేతం పంపితే జవాబు లేదు. ముందున్న అతలాంత్ దగ్గరికి వచ్చేసరికి సంగతి తేలిపోయింది. అతను గుండ్లు పేల్చమని ఆజ్ఞ ఇచ్చాడు. లంగరు మీద బిగిసిపోయి ఉంటే పక్క ఫిరంగులను కావలసిన వైపుకు తిప్పుకోలేరు. అందుకని లంగరు మోకు నరికేయించి, కొద్దిగా తెరచాప విప్పి ఓడను అడ్డం తిప్పాడు. ఒడ్డు మీది చిన్న ఫిరంగి స్థావరం కూడా కాల్చడం మొదలుపెట్టింది.

వర్తక ఓడలు రెండూ రెండు రకాలుగా ప్రవర్తించాయి. బార్నబీ లంగరు తెంచుకుని ఒడ్డుకు కొట్టుకుపోయి కెరటాల్లో చితికిపోయింది. ప్రిన్సెస్ షార్లెట్ ఒక్క గుండు పేల్చకుండా జెండా దించేసింది. ఏడు నెలల క్రితం డాన్స్ చేసిన పనికి ఇది పూర్తిగా ఎదురు. ఒకే కంపెనీ, ఒకే సముద్రం, ఒకే శత్రువు. చరిత్ర పుస్తకాలు జాతి స్వభావాల గురించి మాట్లాడేటప్పుడు ఈ రెండు కెప్టెన్లను పక్కపక్కన పెట్టి చూస్తే బాగుంటుంది.

కాసేపటికి మారెంగో దూరంగా వెళ్లి తిరుగుతుండగా కాల్పులు సద్దుమణిగాయి. ఆ సందులో లిండ్ ఒడ్డు నుంచి చిన్న పడవలో బయల్దేరి, కెరటాలు దాటి, గుండ్లు పడే నీళ్లలోంచి ఓడ చేరాడు. అప్పటికి మోకులు, తెరచాపలు చిల్లులు పడి చేతికి రాకుండా ఉన్నాయి. పారిపోదామన్నా ఓడ కదలదు. అతను చేసింది తెలివైన పని. ఒడ్డుకు వీలైనంత దగ్గరగా, కెరటాలు విరిగే చోటికి కొద్దిగా ఇవతల మళ్లీ లంగరు వేశాడు. వెనక కెరటాలు, ముందు ఇసుక మేటలు. తనకు తప్పించుకునే దారి లేదు, మారెంగోకు దగ్గరికి వచ్చే దారి లేదు. పెద్ద ఓడ అడుగు లోతుగా దిగి ఉంటుంది. తెలియని ఒడ్డున నేల తగిలితే లినోయ్ తన ఓడనంతా పోగొట్టుకుంటాడు, బాగుచేసుకోవడానికి దగ్గరలో రేవు లేదు. వేల మైళ్లు పోతేగాని మారిషస్ రాదు. అతను సుమారు మైలు దూరంలో నిలబడి కాల్చాడు.

మైలు దూరం నుంచి కాల్చితే గుండు తగలదని కాదు, తగిలినా లెక్క తేలడానికి చాలా సేపు పడుతుంది. సెంచూరియన్ ఫిరంగులు కూడా జవాబిస్తూనే ఉన్నాయి, వాటిలో చాలావాటికి దూరం అందలేదు. ఒడ్డు నుంచి ఊరంతా చూసి ఉండాలి. మధ్యాహ్నానికి సెంచూరియన్ లంగరు మోకును ఒక గుండు తెంచింది. అది కొట్టుకుపోతుంటే ఇంకో లంగరు వేసి ఆపారు. ఇదంతా జరుగుతుండగా ఫ్రిగేటు మనుషులు ప్రిన్సెస్ షార్లెట్‌ను స్వాధీనం చేసుకుని తెరచాపలు ఎత్తించారు. కొల్లగొట్టిన ఓడను తీసుకుని లినోయ్ సముద్రంలోకి వెళ్లిపోయాడు. వెంటాడే స్థితిలో సెంచూరియన్ లేదు. దాని మీద చనిపోయినవాడు ఒక్కడు, గాయపడినవాళ్లు తొమ్మిదిమంది. ఇంతసేపటి కాల్పులకు ఇంత తక్కువ ప్రాణనష్టం వింతే. గుండ్లు ఎక్కువగా కొయ్యలను, తాళ్లనే పట్టుకున్నాయి.

ఎవరు గెలిచారు? ఇద్దరూ గెలిచామనే రాసుకున్నారు. లినోయ్ ఒక సరుకు ఓడను పట్టుకున్నాడు, ఒకదాన్ని ధ్వంసం చేశాడు. లిండ్ తనకంటే ఎంతో బలమైన దళం ముందు ఓడను కాపాడుకున్నాడు. ఇంగ్లండు అతన్ని మెచ్చుకుంది. మారిషస్‌లో గవర్నర్ డెకాన్ లినోయ్‌ను మెచ్చుకోలేదు. యాభై ఫిరంగుల పాత ఓడను మూడు ఓడలు కలిసి పట్టుకోలేకపోవడం ఏమిటన్నది అతని మాట. న్యాయంగా చూస్తే లినోయ్ లెక్క తప్పని చెప్పలేం. ఓడలు మళ్లీ దొరకని చోట ఓడను పణంగా పెట్టకపోవడం వివేకమే. కానీ నౌకాదళంలో వివేకం పాలు ఎక్కువైతే అదే అపకీర్తి. 1806 మార్చిలో ఫ్రాన్సుకు తిరిగి వెళ్తూ లినోయ్ అట్లాంటిక్‌లో ఇంగ్లీషు దళం నడుమకు తెలియక వెళ్లి, మారెంగోతో సహా పట్టుబడ్డాడు. నెపోలియన్ అతన్ని విడిపించుకోవడానికి ప్రయత్నించలేదు. 1814 దాకా ఇంగ్లండులో యుద్ధఖైదీగానే ఉన్నాడు.

బ్రిటిష్ ప్రభుత్వం 1847లో నౌకాదళ సాధారణ సేవా పతకం పెట్టింది. పాత యుద్ధాల పేర్లు పట్టీ మీద చెక్కి ఇచ్చేవారు. బతికి ఉన్నవాళ్లే అర్జీ పెట్టుకోవాలి. ఆ పట్టీల్లో ఒకదాని మీద 'సెంచూరియన్, 1804 సెప్టెంబరు 18' అని ఉంటుంది. ఊరి పేరు లేదు. నలభై మూడేళ్ల తరవాత పతకం అడిగినవాళ్లు పిడికెడుమంది. ఆ రోజు మసూలా పడవల వాళ్లు, ఒడ్డు ఫిరంగుల దగ్గర సిపాయిలు ఎవరు, ఏం చేశారు అన్నది ఏ పట్టీ మీదా రాలేదు. బార్నబీలో పోయిన సరుకు నష్టం కంపెనీ లెక్కల్లోకి ఎక్కింది. నేతగాళ్ల అప్పు రాతల్లో ఆ యుద్ధం వల్ల ఒక్క పైసా తగ్గలేదు.

మరమ్మతు అయ్యాక సెంచూరియన్ ఇంగ్లండు వెళ్లిపోయింది. ఇక యుద్ధానికి పనికిరాదన్నారు. కొయ్యలు, ఫిరంగులు తీసేసి ఆసుపత్రి ఓడగా మార్చారు. తరవాత అట్లాంటిక్ దాటించి కెనడాలో హాలిఫాక్స్ రేవుకు చేర్చి, దిగే నావికులను ఉంచే ఓడగా వాడుకున్నారు. పదిహేనేళ్లు అక్కడే. 1824 ఫిబ్రవరి 21న లంగరు మీద ఉండగానే నీళ్లు నిండి అడుగున కూర్చుంది. మరుసటి ఏడు పైకి తీసి విరగగొట్టేశారు.

అది మునగడానికి ముందు సంవత్సరం, 1823లో, హైదరాబాదులో ఇంకో ఖాతా ముగిసింది. 1760లలో సర్కార్లను నిజాం అలీ కంపెనీకి అప్పగించినప్పుడు ఏటా పేష్కష్ అనే కప్పం కట్టాలని ఒప్పందం ఉండేది. కంపెనీ దాన్ని ఒకప్పుడు కడుతూ, ఒకప్పుడు బేరమాడుతూ వచ్చింది. పామర్ అండ్ కంపెనీ అనే హైదరాబాదు వడ్డీ సంస్థకు నిజాం సికందర్ జా అప్పులు భారీగా పేరుకున్నాయి. ఏటా ఏడు లక్షల పేష్కష్‌ను శాశ్వతంగా వదులుకోవడానికి కంపెనీ ఒకేసారి కోటీ పదహారు లక్షల రూపాయల పైచిలుకు ఇచ్చింది. శ్రీకాకుళం నుంచి గుంటూరు దాకా తీరంపై నిజాం రాజ్యానికి ఉన్న చివరి హక్కు దానితో అయిపోయింది. ఆ డబ్బు నిజాం ఖజానాలో నిలవలేదు, చాలాభాగం పామర్ అప్పు తీర్చడానికే పోయింది.